యజమాని కట్టని పీఎఫ్ వాటా: రవాణా కార్మికుడు బకాయిని రాబట్టుకొనే విధానం

ప్రైవేటు బస్సు మీదనో లారీ మీదనో పనిచేసే డ్రైవరుకు జీతంలో పీఎఫ్ కోత పడుతున్న సంగతి తెలుస్తుంది గాని, ఆ కోతా దానికి యజమాని కలపవలసిన వాటా ఖాతాకు చేరుతున్నాయో లేదో ఉద్యోగం మానే రోజు దాకా చాలామంది చూసుకోరు. ఈ వివాదాల్లో కార్మికుడు నష్టపోవడానికి చట్టంలోని లోపం కన్నా ఈ ఆలస్యమే పెద్ద కారణమని నా అభిప్రాయం. 1952 నాటి ప్రావిడెంట్ ఫండ్ (పీఎఫ్) చట్టంలో బకాయిపై విచారణ మొదలుపెట్టడానికి కాలపరిమితి ఉండేది కాదు. దాని స్థానంలో 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన సామాజిక భద్రతా కోడ్ మాత్రం అయిదేళ్లు దాటిన బకాయిపై విచారణ ప్రారంభించరాదని చెబుతోంది.

కాబట్టి మొదటి పని పాస్‌బుక్ చూడడం. ప్రతి పీఎఫ్ సభ్యుడికీ ఇచ్చే యూఏఎన్ నంబరుతో పీఎఫ్ సంస్థ వెబ్‌సైటులో గాని ఉమంగ్ యాప్‌లో గాని నెలవారీ జమలు కనిపిస్తాయి. మామూలుగా కార్మికుడి వాటా 12 శాతం, యజమాని వాటా 12 శాతం. యజమాని వాటాలోంచి 8.33 శాతం, 15,000 రూపాయల జీతం పరిమితికి లోబడి, పింఛను నిధికి పోతుంది. ఒక నెల వాటాలను తరువాతి నెల 15వ తేదీలోగా కట్టాలి. పాస్‌బుక్‌ను జీతం చీటీలతో పోల్చినప్పుడు మీ వివాదం ఏ రకమైనదో తేలుతుంది: కోసి కట్టకపోవడమా, తక్కువ జీతం చూపి కట్టడమా, అసలు పేరే చేర్చకపోవడమా. మొదటిది అన్నిటికన్నా తీవ్రమైనది. కార్మికుని జీతంలో కోసిన సొమ్మును యజమానికి అప్పగించిన సొమ్ముగానే నేర చట్టం భావిస్తుంది కనుక, దాన్ని కట్టకపోతే నమ్మకద్రోహం కింద పోలీసు ఫిర్యాదుకూ అవకాశం ఉంది.

రెండో రకంలో వాదన అంతా బత్తా చుట్టూ తిరుగుతుంది. మూల వేతనాన్ని నామమాత్రంగా చూపి మిగతాదంతా అలవెన్సుగా రాసే పద్ధతి చాలాచోట్ల ఉంది. అందరికీ ఒకే విధంగా ఇచ్చే అలవెన్సులు మూల వేతనంలో భాగమేనని సుప్రీంకోర్టు 2019 ఫిబ్రవరిలో తీర్పు చెప్పింది. ట్రిప్పును బట్టి మారే బత్తాకు ఇది సూటిగా వర్తించకపోవచ్చు. ట్రిప్పుతో నిమిత్తం లేకుండా నెలనెలా ఒకే మొత్తం ఇస్తుంటే మాత్రం గట్టిగా అడగవచ్చు.

అసలు కష్టం మూడో రకంలో ఉంది. పీఎఫ్ నిబంధన 20 మంది లేదా అంతకు మించి పనిచేసే సంస్థలకు వర్తిస్తుంది కాబట్టి, కొందరు యజమానులు బండ్లను భార్య పేరిట, తమ్ముడి పేరిట, మరో ట్రావెల్స్ పేరిట విడగొట్టి ఒక్కోచోట పదిమందినే చూపిస్తారు. కాగితం మీద వేరైనా యాజమాన్యం, పెత్తనం, డబ్బు లెక్క, పని ఒకటే అయితే వాటిని ఒకే సంస్థగా పరిగణించవచ్చు. దీనికి సాక్ష్యం కార్మికుని దగ్గరే ఉంటుంది: ఒకే బుకింగ్ ఆఫీసు, ఒకే షెడ్డు, ఈ వారం ఒక పేరున్న బండి మీద, వచ్చే వారం మరో పేరున్న బండి మీద పంపిన ట్రిప్ షీట్లు. డ్రైవరు పేరు రాసిన లోడు కాగితాలు, డీజిల్ చీటీలు, ఫోన్‌కు వచ్చిన జీతం చెల్లింపులు, డ్యూటీ వేస్తూ పంపిన వాట్సాప్ సందేశాలు కూడా పనికొస్తాయి. వీటిని ఉద్యోగంలో ఉండగానే ఫోటో తీసి దాచుకోండి, ఎందుకంటే మానేశాక ఒక్క కాగితమూ చేతికి రాదు. కాంట్రాక్టరు ద్వారా చేరినవారికీ ఈ హక్కు ఉంది. వారి విషయంలో బాధ్యత అసలు యజమాని మీద కూడా ఉంటుంది.

తరువాత నెలలు, జీతం, బండి నంబర్లు వివరిస్తూ ప్రాంతీయ పీఎఫ్ కార్యాలయానికి రాతపూర్వకంగా ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోవాలి. పీఎఫ్ సంస్థ ఫిర్యాదుల పోర్టల్‌లోనూ నమోదు చేయవచ్చు. ప్రతి నెలా 27న జిల్లాల్లో జరిగే నిధి ఆప్‌కే నికట్ కార్యక్రమంలో అధికారులను నేరుగా కలవవచ్చు. వీలైతే తోటి డ్రైవర్లు, క్లీనర్లతో కలిసి సంతకాలు చేయండి. ఒక్కరిని పని మానిపించడం తేలిక, పదిమందిని మానిపించడం కష్టం.

ఫిర్యాదుపై విచారణ జరిపే పీఎఫ్ అధికారికి సాక్షులను పిలిపించే, రికార్డులు తెప్పించే అధికారం ఉంది. రికార్డులు లేవని యజమాని అంటే, వాటిని తెప్పించమని మీరే రాతపూర్వకంగా కోరాలి. కార్మికులెవరో తేల్చడానికి అధికారి తన అధికారాలను వినియోగించి తీరాలని భారత ఆహార సంస్థ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కొత్త కోడ్ ప్రకారం విచారణను వీలైనంతవరకు రెండేళ్లలో ముగించాలి, మరో ఏడాది పొడిగించవచ్చు. యజమాని ట్రిబ్యునల్‌కు అప్పీలు చేసుకోవాలంటే నిర్ణయించిన మొత్తంలో 25 శాతం ముందుగా కట్టాలి.

బకాయి తేలాక బ్యాంకు ఖాతా, ఆస్తి జప్తు ద్వారా వసూలు చేస్తారు. వడ్డీ, నష్టపరిహారం అదనం. బండ్లు అమ్మేసి వ్యాపారాన్ని మరొకరికి అప్పగించినంత మాత్రాన పాత బకాయి మాఫీ కాదు. యజమాని తన వాటాను మీ జీతంలోంచి రాబట్టుకోవడానికీ వీల్లేదు. ఒక నెలలో కోయని మీ వాటాను తరువాతి నెలల జీతంలోంచి కోయడాన్ని కూడా 1952 పీఎఫ్ పథకం సాధారణంగా అనుమతించలేదు.

ఆర్డరు కాపీ తీసుకొని, కార్మికుల జాబితాలో మీ పేరు, యూఏఎన్, నెలలు సరిగా ఉన్నాయో లేదో స్వయంగా చూసుకోండి. మొత్తం సొమ్ము వసూలైనా పేరు లేని కార్మికుడి ఖాతాలో ఏమీ పడదు. పింఛనుకు పదేళ్ల సర్వీసు కావాలి గనుక అక్కడ తప్పిపోయిన నెలలు చివరికి పింఛనులోనే కనిపిస్తాయి. పైగా ఉద్యోగంలో ఉండగా చనిపోయిన సభ్యుని కుటుంబానికి 7 లక్షల రూపాయల వరకు వచ్చే బీమా కూడా ఈ సభ్యత్వంతోనే ముడిపడి ఉంది. రాత్రంతా రోడ్డు మీదే గడిపేవారి ఇళ్లలో ఈ సంగతి తెలిసి ఉండాలి. యూఏఎన్ నంబరు, నామినీ వివరాలు ఇంట్లోవారికి ఈరోజే రాసివ్వండి.