ఎర్త్‌క్వేక్ తగలట్లేదా? ముందు కారణం చూడండి

పోకెమాన్ గేమ్ పోరులో "ప్రభావం లేదు" అని కనబడగానే చాలామంది వెంటనే పోకెమాన్‌ని మార్చేస్తారు. అంత తొందర అక్కర్లేదు. ఎర్త్‌క్వేక్ లాంటి గ్రౌండ్ టైప్ మూవ్ (దాడి) తగలకపోవడానికి ఎక్కువగా కనిపించే కారణాలు రెండు: ఎదుటిది ఫ్లయింగ్ టైప్ అయినా అయ్యుండాలి, దానికి లెవిటేట్ అనే, గాల్లో తేలే ఎబిలిటీ (సహజ గుణం) అయినా ఉండాలి. ఈ తేడా తెలిస్తే సగం పని అయినట్టే.

లెవిటేట్ అయితే ఎదుటిదాని ఎబిలిటీని పట్టించుకోని మోల్డ్ బ్రేకర్ ఎబిలిటీ ఉన్న ఎక్స్‌కాడ్రిల్ అనే పోకెమాన్ చాలు. లెవిటేట్ ఉన్న వాష్ రోటమ్ మీద దాని ఎర్త్‌క్వేక్ రెండింతల దెబ్బ కొడుతుంది. అదే గయరడోస్ మీద వాడితే వృథా, అది ఫ్లయింగ్ టైప్ కాబట్టి. అక్కడ స్మాక్ డౌన్ అనే మూవ్‌తో ముందు కిందికి దించాలి.

నన్నడిగితే గ్రావిటీ అనే మూవే మేలు. 5 టర్న్‌ల పాటు రెండు రకాలకూ గ్రౌండ్ మూవ్‌లు తగులుతాయి. పైగా అక్యురసీ (మూవ్ తగిలే అవకాశం) పెరిగి, 60 శాతమే ఉండే, నిద్రపుచ్చే మూవ్ హిప్నాసిస్ గురి తప్పదు. కాకపోతే మన ఫ్లయింగ్ పోకెమాన్‌కీ అదే గతి, ఫ్లై లాంటి మూవ్‌లు అసలు పనిచేయవు. డబుల్స్‌లో, అంటే చెరో రెండు పోకెమాన్‌లతో ఆడే పోరులో, మీ ఎర్త్‌క్వేక్ పక్కనున్న మీవాణ్ణి కూడా కొడుతుందని మర్చిపోకండి.

నార్మల్ టైప్ మూవ్‌లు తగలని ఘోస్ట్ టైప్‌లకైతే, వాటికీ అవి తగిలేలా చేసే స్క్రాపీ ఎబిలిటీ ఉన్న కంగస్కాన్. దాని నార్మల్ మూవ్ ఫేక్ అవుట్‌కి ఘోస్ట్ టైప్ గెంగార్ కూడా ఉలిక్కిపడి ఆ టర్న్ పోగొట్టుకుంటుంది.