రోగం మూలాన్ని పట్టుకోవడం - 3వ పాఠం: లెక్కకు ఒదగని చావులు

పోయిన పాఠంలో మ్యాపు మీద చుక్కలు పెట్టాం. 1854 ఆగస్టు చివర్లో లండన్‌లోని సోహోలో కలరా విరుచుకుపడింది. డాక్టర్ జాన్ స్నో ముందుగా సంపాదించిన జాబితాలో 83 మరణాలుంటే, దాదాపు అన్నీ బ్రాడ్ స్ట్రీట్ పంపు చుట్టూనే. ఇంకేం, దొరికేసింది అనిపిస్తుంది కదా, కానీ ఇక్కడ ఆగిపోకండి. అప్పటి డాక్టర్లలో ఎక్కువమంది కలరా చెడుగాలి వల్ల వస్తుందని నమ్మేవాళ్ళు, ఆ చుక్కల గుంపును చూపిస్తే, అక్కడి గాలే చెడిందంటూ వాళ్ళూ తమ మాటే నిజమనేవాళ్ళు.

స్నో అనుమానం మాత్రం ఆ పంపు నీళ్ళ మీద. గాలినీ నీళ్ళనీ విడదీయాలంటే లెక్కకు ఒదగని వాళ్ళ గురించి ఆరా తీయాలి. ఆ 83లో పదిమంది ఇళ్ళు వేరే పంపులకే దగ్గర. స్నో అడిగి చూస్తే, ఐదుగురి ఇళ్ళవాళ్ళు ఆ నీళ్ళే ఇష్టమని ఎప్పుడూ బ్రాడ్ స్ట్రీట్ నుంచే తెప్పించుకునేవాళ్ళమన్నారు, ఇంకో ముగ్గురు ఆ పంపు దగ్గర్లో బడికెళ్ళే పిల్లలు.

నన్ను ఇప్పటికీ కదిలించేది హాంప్‌స్టెడ్ ముసలావిడ కథ. మైళ్ళ దూరంలో ఉంటోంది, సోహో వైపు అడుగుపెట్టి చాలాకాలమైంది. అయినా బ్రాడ్ స్ట్రీట్ పంపు నీళ్ళ మీద మమకారంతో రోజూ బండిలో సీసా తెప్పించుకునేది. ఆ నీళ్ళు తాగి ఆమె చనిపోయింది, చూడ్డానికొచ్చి తాగిన మేనకోడలు ఇజ్లింగ్టన్‌లో తన ఇంటికెళ్ళి చనిపోయింది. ఆ రెండు చోట్లా చుట్టుపక్కల అప్పుడు కలరా లేదు. సోహో గాలి అంత దూరం వెళ్ళి వీళ్ళిద్దర్నే ఎలా వెతుక్కుంటుంది?

ఇప్పుడు బతికినవాళ్ళను చూడండి, చాలామంది మర్చిపోయేది వీళ్ళనే. పంపు పక్కనే ఉన్న బీరు తయారీశాలలో 70 మందికి పైగా పనివాళ్ళు, ఒక్కరూ కలరాతో చనిపోలేదు. వాళ్ళకు రోజూ బీరు ఇచ్చేవాళ్ళు, లోపల సొంత బావి కూడా ఉంది. పోలండ్ స్ట్రీట్‌లోని పేదల ఆశ్రమంలో 535 మంది ఉంటే ఐదుగురే పోయారు, అక్కడా సొంత బావి ఉంది. పీల్చిన గాలి మాత్రం అందరిదీ ఒకటే.

ఇక అభ్యాసం. బ్రాడ్ స్ట్రీట్‌లోనే ఉన్న తుపాకీ క్యాపుల (తుపాకీ మందును అంటించే చిన్న మూతల) ఫ్యాక్టరీలో సుమారు 200 మంది పనిచేసేవాళ్ళు, 18 మంది చనిపోయారు. మీరు ఆ గుమ్మంలో నిలబడ్డారనుకోండి. "పంపు నీళ్ళు తాగారా?" అని అడిగితే జవాబు మీరే అందించినట్టు, టెన్షన్‌లో ఉన్న మనిషి ఊఁ అనేస్తాడు. పంపు మాట ఎత్తకుండా అడగాల్సిన మూడు ప్రశ్నలు రాసిపెట్టుకోండి, వచ్చే పాఠం వాటితోనే మొదలుపెడదాం.