ఆంగ్ల వ్యంగ్యం చదవడం ఎలా? – 3వ పాఠం: వేషం కట్టిన గొంతు

ముందుగా పోయిన పాఠంలో ఇచ్చిన అభ్యాసానికి జవాబు. ఆంగ్ల కవి పోప్ ద్విపద ఒకటి ఇచ్చి, అందులో చమత్కారం ఎక్కడుంది, ప్రాస ఎలా కుదిరింది అని అడిగాం. పోప్ ‘ది రేప్ ఆఫ్ ది లాక్’ మూడో సర్గ మొదట్లో ఆన్ రాణి హాంప్టన్ కోర్టులో ఒకప్పుడు సలహా తీసుకుంటుంది, ఒకప్పుడు టీ తీసుకుంటుంది. ఒకే క్రియ రాజ్యభారాన్నీ టీ కప్పునూ ఒకే పళ్లెంలో పెట్టింది. మనమూ సలహా ‘తీసుకుంటాం’, టీ ‘తీసుకుంటాం’ కాబట్టి ఈ చమత్కారం తెలుగువాడికి సులువుగానే అందుతుంది. చిక్కు ప్రాస దగ్గర. పై పాదం చివర ‘ఒబే’, కింది పాదం చివర ‘టీ’. ఇవి ఎలా కలుస్తాయి? అప్పట్లో ఆ పదాన్ని ‘టే’ అని పలికేవారు. 18వ శతాబ్దపు ద్విపదలో ప్రాస తప్పిందనిపిస్తే కవిని అనుమానించకండి, ముందు ఇవాళ్టి ఉచ్చారణను అనుమానించండి.

పోప్ దగ్గర మాట్లాడేది ఇంచుమించు కవే. ఈ పాఠంలో మాట్లాడేవాడు ఒకడు, రాసినవాడు మరొకడు. పగటివేషగాడు గుమ్మం ముందు నిలబడి అధికారిలా గదమాయిస్తే ఆ కోపం అతనిదని ఎవరూ అనుకోరు, ముఖాన రంగు కనబడుతూనే ఉంటుంది కాబట్టి. పుస్తకంలో రంగు కనబడదు, గొంతు ఒక్కటే వినిపిస్తుంది. దాన్నిబట్టే వేషాన్ని పట్టుకోవాలి.

మనకు వ్యాజస్తుతి, నిందాస్తుతి అలవాటే. ఆ అలవాటు ఇక్కడ కొంత సాయం చేస్తుంది, కొంత దారి తప్పిస్తుంది. నిందాస్తుతిలో మాట్లాడేది భక్తుడే. పైమాటను తిరగేస్తే లోపలి స్తుతి దొరుకుతుంది. వేషం కట్టిన వ్యంగ్యంలో అలా తిరగేస్తే సగమే దొరుకుతుంది. మిగతా సగాన్ని రాబట్టడమే ఇవాళ్టి పని.

కావలసినవి: స్విఫ్ట్ రాసిన వ్యంగ్య కరపత్రం ‘ఎ మోడెస్ట్ ప్రపోజల్’ (1729), స్క్రూటేప్ అనే దెయ్యం రాసిన ఉత్తరాలుగా సి.ఎస్. లూయిస్ అల్లిన ‘ది స్క్రూటేప్ లెటర్స్’ (1942), ఒక నోటుబుక్కు, ఒక పెన్సిలు. మొదటిది ఒక్కసారి కూర్చుంటే అయిపోతుంది. రెండోదాన్ని రోజుకు రెండు ఉత్తరాల చొప్పున చదవండి, అంతకు మించి వద్దు. ఎందుకో తర్వాత చెప్తాం.

మొదటి మెట్టు: స్విఫ్ట్ లెక్కలు

‘ప్రపోజల్’లో పేరాలకు అంకెలు వేసుకోండి. పేద పిల్లల్ని ఏడాది వయసులో మాంసంగా అమ్మాలన్న సలహా తొమ్మిదో పేరా దాకా బయటపడదు. అక్కడి నుంచే వ్యంగ్యం మొదలైందనుకోవడం సాధారణంగా జరిగే తప్పు. నాలుగో పేరాకు వెనక్కి వెళ్లండి. అప్పుడే పుట్టిన బిడ్డను ‘డ్యామ్’ నుంచి ‘పడినది’ అంటాడు. ఆ మాట పశువుల తల్లికి వాడేది, మనిషి తల్లికి కాదు. ఆరో పేరాలో తల్లులు ‘బ్రీడర్లు’, అంటే ఈనేవాళ్లు, అయిపోతారు. సలహా ఇంకా నోటి నుంచి రాకముందే మాటలు మనుషుల్ని పశువుల కొట్టంలోకి తోలేశాయి. ఇలాంటి ప్రతి మాట కిందా గీత పెట్టండి.

తర్వాత అంకెలు. వీటిని కళ్లతో దాటేయకుండా నోటుబుక్కులో కూడండి, తీసేయండి. ఐర్లండు జనాభా 15 లక్షలు అంటాడు. పిల్లల్ని కనే జంటలు 2 లక్షలు. పోషించుకోగలిగినవారు 30 వేలు పోతే 1,70,000. గర్భస్రావాలూ శిశుమరణాలూ 50 వేలు తీసేస్తే మిగిలిన పిల్లలు 1,20,000. అందులో సంతానవృద్ధికి 20 వేలు ఉంచి లక్షమందిని అమ్మకానికి పెడతాడు. ఒక్కో బిడ్డ పోషణకు ఏడాదికి 2 షిల్లింగులు, అమ్మకం ధర 10, తల్లికి లాభం 8. లెక్క ఎక్కడా తప్పదు, తప్పకూడదు కూడా. లెక్క తప్పితే మాట్లాడేవాడు పిచ్చివాడైపోతాడు, పాఠకుడు నవ్వి వదిలేస్తాడు. లెక్క సరిగ్గా ఉంది కాబట్టే వాడు మనకు తెలిసిన పెద్దమనిషిలా, గణాంకాలు పట్టుకుని మాట్లాడే సంస్కర్తలా కనిపిస్తాడు. స్విఫ్ట్ దెబ్బ పడేది ఆ పెద్దమనిషి మీదే.

ఇక జారిన మాట. ఈ మాంసం ఖరీదైనదే గాని భూస్వాములకు తగినదేనంటాడు: తల్లిదండ్రుల్ని ఇప్పటికే తినేసినవారికి పిల్లల మీద మొదటి హక్కు ఉండాలట. మాట్లాడేవాడు ఇందులో ఆరోపణ ఏదీ లేదన్నట్టే చెప్పుకుపోతాడు. మనకు మాత్రం వేషం పక్కకు జరిగి రచయిత ముఖం ఒక్క క్షణం కనిపిస్తుంది.

చివరి భాగంలో ‘వేరే ఉపాయాలు’ నాకు చెప్పకండి అని వాడు విసుక్కుంటాడు. ఊళ్లో ఉండని భూస్వాముల మీద పౌనుకు 5 షిల్లింగుల పన్ను, దేశంలో తయారైన బట్టలే కట్టడం, ఇలా ఒక జాబితా చదివి అంతా తోసిపుచ్చుతాడు. గొంతు వేరు, రచయిత వేరు అనడానికి బయటి సాక్ష్యం ఇక్కడ ఉంది. ఐర్లండు వస్తువులే వాడాలని 1720లో కరపత్రం రాసింది స్విఫ్టే. వేషం తోసిపుచ్చుతున్నది రచయిత సొంత సలహాలనే. ఏ వ్యంగ్య రచన చదివినా ఈ ప్రశ్న అడగండి: ఈ గొంతు వద్దంటున్నదాన్ని ఈ రచయిత ఇంకెక్కడైనా కావాలన్నాడా?

మధ్యలో మిల్టన్

స్విఫ్ట్ నుంచి లూయిస్‌కు నేరుగా దూకితే ఒక మెట్టు తప్పుతుంది. మిల్టన్ కావ్యం ‘పారడైజ్ లాస్ట్’ నాలుగో భాగం 110వ పాదంలో సాతాను, ఓ చెడూ, ఇకమీదట నువ్వే నా మంచివి అంటాడు. స్క్రూటేప్ నిఘంటువంతా ఆ ఒక్క పాదంలో ఉంది. లూయిస్ మిల్టన్ పండితుడు. స్క్రూటేప్ పుస్తకం వచ్చిన 1942లోనే ఆయన ‘ఎ ప్రిఫేస్ టు పారడైజ్ లాస్ట్’ కూడా వచ్చింది. సాతానును వీరుడిగా చదివేవారితో అందులో ఆయన పేచీ పెట్టుకుంటాడు. సాతాను దిగజారిన వరుస చూడమంటాడు: వీరుడు, సేనాపతి, రాజకీయుడు, గూఢచారి, పడకగది కిటికీలోంచి తొంగిచూసేవాడు, కప్ప, చివరికి పాము. ఈ వాదన నాకు మొత్తంగా ఒప్పుదల కాదు. మొదటి రెండు భాగాల్లో సాతాను మాటలకున్న ఊపును అది తక్కువ చేస్తుంది. కానీ స్క్రూటేప్‌ను చదవడానికి ఇంతకన్నా మంచి తాళంచెవి లేదు. ఆ వరుసలో ఇంకో మెట్టు కలిపితే వచ్చేది ఆఫీసు గుమాస్తా దెయ్యం. నరకాన్ని గొప్ప మంటల లోకంగా కాక కార్యాలయంగా ఎందుకు రాశాడో తర్వాతి ముద్రణ ముందుమాటలో ఆయనే చెప్పాడు. పెద్ద చెడ్డపనులు ఇప్పుడు జరిగేది వెచ్చని, వెలుతురున్న, శుభ్రమైన ఆఫీసుల్లో. చేసేది గొంతు పెంచక్కర్లేని, గోళ్లు కత్తిరించుకున్న మనుషులు.

రెండో మెట్టు: స్క్రూటేప్

ఇవి మొత్తం 31 ఉత్తరాలు. 1941 మే 2 నుంచి నవంబరు 28 దాకా ‘ది గార్డియన్’లో వారం వారం వచ్చాయి. అది ఇప్పటి దినపత్రిక కాదు, ఆంగ్లికన్ చర్చి వారపత్రిక. వారానికొకటిగా చదవడానికి రాసినవి కాబట్టే గబగబా చదివితే పాడవుతాయి. నాలుగైదు వరసగా చదివారంటే దెయ్యం తర్కం చెవికి అలవాటైపోయి పెన్సిలు ఆగిపోతుంది.

స్క్రూటేప్ నరకంలో పెద్ద అధికారి. ఒక మనిషిని చెడగొట్టే పనిలో ఉన్న మేనల్లుడు వర్మ్‌వుడ్‌కు ఉత్తరాల్లో సలహాలిస్తుంటాడు. తెలుగు బైబిలు చదివినవారికి వర్మ్‌వుడ్ పేరు తెలిసినదే. ప్రకటన గ్రంథం 8వ అధ్యాయంలో నీళ్లను చేదు చేసే నక్షత్రం ‘మాచిపత్రి’ అదే.

నోటుబుక్కు ఎడమవైపు పేజీలో తిరగేసిన మాటల పట్టిక రాయండి. ‘శత్రువు’ అంటే దేవుడు. ‘పేషెంటు’ అంటే చెడగొట్టాల్సిన మనిషి. ‘కింద ఉన్న మన తండ్రి’ అంటే సాతాను, ‘పరలోకమందున్న మా తండ్రీ’కి తలకిందుల రూపం. మొదటి ఐదు ఉత్తరాల్లో ఈ పట్టిక చాలావరకు పూర్తవుతుంది. చాలామంది ఇక్కడే ఆగిపోతారు. ప్రతి వాక్యాన్నీ తిరగేసి, దెయ్యం వద్దన్నది చేయాలి, చేయమన్నది మానాలి అని నీతిపుస్తకంలా చదివేస్తారు. అది చప్పటి చదువు. పైగా తప్పు కూడా.

కుడివైపు పేజీలో మూడు గుర్తులు వాడండి. అబద్ధానికి ‘అ’, నిజానికి ‘ని’, జారిన మాటకు ‘జా’. మొదటి ఉత్తరంతో చేసి చూద్దాం. బ్రిటిష్ మ్యూజియంలో చదువుకుంటున్న ఒక నాస్తికుడి ఆలోచన దేవుడి వైపు తిరగబోతుంది. స్క్రూటేప్ వాదించడు. భోజనం వేళైంది కదా అని గుర్తుచేస్తాడు. వీధిలోకి రాగానే పేపరు అమ్మే కుర్రాడి కేక, 73వ నంబరు బస్సు కనిపిస్తాయి. అదే ‘అసలు జీవితం’ అని మనిషి తేల్చేసుకుంటాడు. మనిషి ధ్యాస ఎంత తేలిగ్గా చెదురుతుందన్న పరిశీలన ‘ని’. అనుభవమున్న వేటగాడి మాట అది, దాన్ని తిరగేయకూడదు. బస్సే అసలు జీవితం అన్నది ‘అ’. వాదనకు దిగితే యుద్ధం శత్రువు నేల మీదికి పోతుంది, ఆయనకూ వాదించడం వచ్చు అన్నది ‘జా’. ఆలోచించడం తన పక్షానికి ప్రమాదమని ఒప్పేసుకున్నాడు మరి.

‘ని’ గుర్తు ఎక్కువగా పడే చోటు ఎనిమిదో ఉత్తరం. మనకు కావలసింది చివరికి తిండి అయ్యే పశువులు, ఆయనకు కావలసింది చివరికి కొడుకులయ్యే సేవకులు అంటాడు. దేవుడి ప్రేమ గురించి పుస్తకంలో అంత సూటిగా చెప్పింది దెయ్యమే. ఇష్టం లేని సాక్షి నోటి నుంచి వచ్చిన నిజానికి బరువెక్కువ. లూయిస్ ఈ వేషం కట్టిందే అందుకని నా లెక్క. అదే మాట పాదిరి చెప్పి ఉంటే ప్రసంగం అయ్యేది.

ఇప్పుడు 8, 18, 19, 22 ఉత్తరాలను వరసగా పెట్టి చదవండి. ఈ ఒక్కసారికి రోజుకు రెండన్న నియమం పక్కన పెట్టవచ్చు. 8లో దేవుడు మనుషుల్ని నిజంగా ప్రేమిస్తాడన్నట్టు మాట్లాడాడు. 18లో ఉండటమంటే పోటీపడటమే, ప్రేమ అన్నది అసంభవం అని నరక సిద్ధాంతం చెప్పాడు. 19లో మేనల్లుడు ఈ రెంటికీ పొసగదే అని అడిగినట్టున్నాడు, మామ తడబడతాడు. నా ఉత్తరాలు ఎవరికీ చూపించలేదు కదా అని ఆరా తీస్తాడు. 22 మొదట్లో అర్థమవుతుంది, మేనల్లుడు సంగతిని రహస్య పోలీసుల దాకా తీసుకెళ్లాడు. అదే ఉత్తరంలో శత్రువు లోలోపల సుఖప్రియుడని తిట్టబోయి, ఆయన కుడిచేతిలో నిత్యం సుఖాలున్నాయన్న 16వ కీర్తన మాటనే ఎత్తుకుంటాడు. కోపం పెరిగి పెరిగి జెర్రిగా మారిపోతాడు, ఉత్తరాన్ని కార్యదర్శి టోడ్‌పైప్ పూర్తి చేసి సంతకం పెడతాడు. మిల్టన్ పదో భాగంలో పాములైపోయిన దెయ్యాలు గుర్తొచ్చాయా? గుర్తు రావాలనే స్క్రూటేప్ అక్కడ మిల్టన్ పేరెత్తుతాడు.

వర్మ్‌వుడ్ ఉత్తరాలు ఒక్కటీ పుస్తకంలో లేవు. అందుకని ప్రతి ఉత్తరం తర్వాత, అతను ఏం రాసి ఉంటే ఈ జవాబు వచ్చిందో ఒక్క వాక్యంలో మీరే రాయండి. 19 దగ్గర ఆ వాక్యం రాయలేకపోతే 18 సరిగ్గా చదవలేదన్నమాట.

ఆఖరిది సంతకం. ‘నీ ప్రియమైన మామ’ అన్నది ఉత్తరాల్లో మర్యాదకు రాసే మాటగా కనిపిస్తుంది, కళ్లు దాన్ని దాటిపోతాయి. 30వ ఉత్తరంలో, తిండి తెచ్చిపెట్టు లేదా నువ్వే తిండివి అవు అని బెదిరింపు వస్తుంది. 31లో పేషెంటు బాంబుదాడిలో చనిపోయి దేవుణ్ణి చేరుకుంటాడు. ఇక మేనల్లుడే తిండి. అప్పుడు సంతకంలో ఆ ప్రియం ఆకలిగా మారి కనిపిస్తుంది. మొదటి నుంచీ దాని అర్థం అదే. వెనక్కి వెళ్లి సంతకాలన్నిటి పక్కనా ‘జా’ అని గుర్తు పెట్టుకోండి.

అభ్యాసం

12వ ఉత్తరం తీసుకోండి. నరకానికి భద్రమైన దారి నెమ్మదిగా దిగేదే, మెత్తటి వాలు, మలుపులూ మైలురాళ్లూ లేనిది అని అక్కడ ఉంటుంది. ఆ వాక్యానికి మూడు గుర్తుల్లో ఏది పెడతారో, ఎందుకో ఐదు వాక్యాల్లో రాయండి. ‘భద్రమైన’ అన్న ఒక్క మాటకు మాత్రం విడిగా గుర్తు పెట్టండి. అది మిగతా వాక్యంతో పాటు పోదు.