అగ్నిపర్వతంలో చీకటి రాజు కోట కట్టే ముందు చూసుకోవాల్సినవి

సెలవుల్లో ఫాంటసీ నవల మొదలుపెడుతున్నారా? మ్యాప్ గీసే ముందే ఇవి తేల్చుకోండి.

రాజు అక్కడే ఎందుకున్నాడు? భయంకరంగా కనిపించడానికి అన్నది కారణం కాదు. ఆ నిప్పుతో మాత్రమే అయ్యే పని ఒకటి ఉండాలి. ఇది లేకపోతే క్లైమాక్స్ ఎక్కడైనా జరగొచ్చు, అప్పుడు సగం నవల తిరగరాయాలి.

కొండ ఏ రకం? పల్చటి బసాల్ట్ లావా సుమారు 1,100 డిగ్రీల సెల్సియస్ వేడితో ఏరులా పారుతుంది, దాని కొండలు వాలుగా, వెడల్పుగా ఉంటాయి. నిటారు శిఖరాల్లో లావా సాధారణంగా చిక్కన. లోపల వాయువులు బిగుసుకుని పేలుతుంది. 1902లో మార్టినిక్ దీవిలో మౌంట్ పెలే పేలినప్పుడు వేడి బూడిద మేఘం సెయింట్ పియెర్ పట్టణాన్ని నిమిషాల్లో తుడిచేసింది. నిటారు కొండే కావాలంటే లావా నదులు తగ్గించి, పేలుడు భయాన్ని వాడుకోండి. నాకైతే ఆ టెన్షనే ఎక్కువ నచ్చుతుంది.

చెరసాల అడుగున పెట్టారా? కార్బన్ డయాక్సైడ్ గాలికన్నా బరువు, పల్లంలో చేరుతుంది. గాలి మార్గం చూపకపోతే ఖైదీలు, కాపలావాళ్లు బతకరు.

సైన్యానికి తిండి, నీళ్లు ఎక్కడివి? పాత బూడిద నేలల్లో పంట బాగా పండుతుంది, కాబట్టి వెనక వాలులో పొలాలు పెట్టొచ్చు.

లావా పక్కన హీరోని ఎక్కువసేపు నిలబెట్టకండి. తాకకపోయినా ఆ సెగకే ఒళ్లు కాలుతుంది.