పెళ్లి కార్డు ఎంచుకోవాలా? ఆల్బమ్ తర్వాత, ముందు మేటర్ రాసుకోండి

ముహూర్తం పెట్టించి లగ్నపత్రిక రాయించుకోగానే అందరూ చేసే పని ఒకటే, బండి తీసి కార్డుల షాపుకి పరిగెత్తడం. విజయనగరం గంటస్తంభం దగ్గరైనా శ్రీకాకుళం జీటీ రోడ్డులోనైనా అదే తంతు, లావుపాటి ఆల్బమ్‌లు ముందేస్తారు, ఒక్కో కార్డు వెనక ఓ కోడ్ నంబరు ఓ రేటు, అరగంట తిప్పేసరికి అన్నీ ఒకలాగే కనపడతాయి, పెళ్లికూతురు ఒకటి పట్టుకుంటుంది, వాళ్లమ్మ ఒకటి, మేనమామ ఇంకోటి. నేను చెప్పేది ఏటంటే ఆల్బమ్ ముట్టుకోకముందే మేటర్ మొత్తం ఒక తెల్లకాగితం మీద రాసేయండి. ఎన్ని లైన్లు వస్తాయో తెలిస్తే సగం డిజైన్లు వాటంతటవే పక్కకి పోతాయి.

ఎందుకంటే మనవైపు మేటర్ చిన్నగా ఎప్పుడూ ఉండదు. పైన శ్రీరస్తు శుభమస్తు అవిఘ్నమస్తు, దాని కింద మీ దేవుడు, పైడితల్లమ్మో అరసవల్లి సూర్యనారాయణస్వామో సింహాద్రి అప్పన్నో, తర్వాత శ్లోకం, సంవత్సరం, మాసం, తిథి, నక్షత్రం, లగ్నం, అమ్మాయి చి.ల.సౌ. అయితే అబ్బాయి చి., ఇద్దరి చదువులు ఉద్యోగాలు, తాతల పేర్లు, పోయినవాళ్లకి కీ.శే., కళ్యాణ వేదిక, విందు, చివర్లో ఆహ్వానించువారు. గొడవలన్నీ ఆ చివరి లైన్ల దగ్గరే. పెద్దబావ పేరు వేసి చిన్నబావ పేరు వదిలేశారనుకోండి, ఆయన పెళ్లికి వస్తాడు గానీ భోజనానికి కూర్చోడు. అందుకే ఆ కాగితం ఇంట్లో పెద్దవాళ్ల ముందు పైకి చదవండి, పేర్ల వరస అక్కడే తేల్చుకోండి. పేర్లు ఎక్కువైతే ఒంటి కార్డు అసలు వద్దు, లోపల రెండు మూడు షీట్లు వచ్చే రకం తీసుకోండి, లేకపోతే షాపువాడు అక్షరాలు చీమల్లా చేసి ఇరికించేస్తాడు.

ముహూర్తం లైను గురించి కొంచెం ఎక్కువే చెప్పాలి. మన ముహూర్తాలు చాలామటుకు అర్ధరాత్రి దాటాకే కదా. పంచాంగం లెక్కలో రోజు సూర్యోదయం నుంచి సూర్యోదయం దాకా, ఇంగ్లీషు తేదీ మాత్రం రాత్రి పన్నెండుకే మారిపోతుంది. పంతులుగారు బుధవారం రాత్రి 2 గంటల 40 నిమిషాలు అంటే క్యాలెండర్ ప్రకారం అప్పటికే గురువారం. కార్డు మీద గురువారం తేదీ ఒక్కటే వేస్తే హైదరాబాద్ నుంచి వచ్చే చుట్టాలు గురువారం సాయంత్రానికి దిగుతారు, అప్పటికి పందిరి కూడా విప్పేసి ఉంటారు. కాబట్టి 'బుధవారం రాత్రి తె. 2.40 ని.లకు (తెల్లవారితే గురువారం)' అని వేయించండి, విందు ఏ రోజు ఏ టైముకో వేరే లైనులో, వీలైతే కాస్త పెద్ద అక్షరాల్లో. నిజం చెప్పాలంటే వచ్చేవాళ్లలో ఎక్కువమంది చూసుకునేది ఆ లైనే.

అడ్రస్‌లో ఇంకో తిరకాసు ఉంది. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు మారాయి కదా, రాజాం విజయనగరం జిల్లాలోకి వచ్చింది, పాలకొండ, సీతంపేట పార్వతీపురం మన్యంలోకి పోయాయి. ఇంట్లో అన్నయ్య పెళ్లి కార్డు పాతది చూసి మేటర్ ఎక్కించేస్తే రాజాం ఇంకా శ్రీకాకుళం జిల్లాలోనే ఉండిపోతుంది. శ్రీకాకుళం టౌన్‌లో పెళ్లయితే రైల్లో వచ్చేవాళ్ల కోసం ఒక ముక్క వేయండి, స్టేషన్ పేరు శ్రీకాకుళం రోడ్ అని, అది ఉండేది ఆమదాలవలసలో అని. బయటివాళ్లకి ఇది తెలీదు, దిగాక ఫోన్లు మొదలుపెడతారు.

ఇప్పుడు ఆల్బమ్ తెరవండి. మెరూన్ కార్డు మీద గోల్డ్ అక్షరాలు షాపు ట్యూబ్‌లైట్ల కింద ధగధగలాడతాయి, అదే కార్డుని సాయంత్రం వీధరుగు మీద కూర్చుని తాతయ్య చదవాలంటే అటు తిప్పి ఇటు తిప్పి చివరికి నువ్వే చదువమ్మా అంటాడు. పైన అట్ట ఎంత ముదురు రంగైనా పర్లేదు గానీ లోపల చదివే షీటు మాత్రం క్రీమో లేత పసుపో ఉండాలి, అక్షరాలు ముదురు ఎరుపో గోధుమరంగో. స్క్రీన్ ప్రింటింగ్ అయితే ఇంకో సంగతి, ఇంకు మందంగా పడుతుంది కాబట్టి అక్షరం మరీ చిన్నదైతే ఒత్తులు పూడుకుపోతాయి, ఘ ఝ లాంటివి నల్లటి ముద్దలవుతాయి. మెలికల ఫాంటు పెళ్లికూతురు పెళ్లికొడుకు పేర్లకి మాత్రమే ఉంచి మిగతాదంతా మామూలు ఫాంటులో వేయమనండి.

కవర్ ఎవరూ చూడరు, అదే పొరపాటు. ముదురు నీలం కవర్ మీద బాల్‌పెన్‌తో పేరు రాస్తే కనపడదు, గోల్డ్ జెల్ పెన్నులు కొనాలి, లేదా స్టిక్కర్లు అంటించాలి, అది రాత్రంతా పట్టే పని. అలాగే శాంపిల్ కార్డు ఒకటి ఇంటికి తెచ్చుకుని మూలకి పసుపు రాసి చూడండి. లామినేషన్ ఉన్న కార్డుకి పసుపు పట్టదు, ఎండాక పొడిలా రాలి పిలుపులకి వెళ్లినవాళ్ల చీరకి అంటుకుంటుంది. చేత్తో చేసిన కాగితమైతే తడి పీల్చి ఉబ్బుతుంది, దానికి పసుపు గట్టిగా కలపాలి. లేజర్ కటింగ్ కార్డులు చూడ్డానికి బాగుంటాయి గానీ ఆ సన్నటి తీగలు సంచిలో పడేసి ఊళ్లు తిరిగేసరికి విరిగిపోతాయి, నాకైతే నచ్చవు.

బొమ్మల సంగతి మీ ఇష్టం. ఎక్కడ చూసినా అదే వినాయకుడు అదే సన్నాయి డోలు, కొంచెం మనదేదైనా పెట్టుకోవచ్చుగా. సన్నాయి బదులు బొబ్బిలి వీణ, పొందూరు ఖద్దరు పంచె అంచులాంటి సన్నటి బోర్డరు, అరసవల్లి స్వామి కోసం ఏడు గుర్రాల రథం. సవర గిరిజనుల బొమ్మలు కూడా బావుంటాయి, కాకపోతే అవి వాళ్లు దేవతల కోసం గోడమీద వేసుకునే బొమ్మలు, నెట్‌లోంచి లాగేసి వాడొద్దు, వేసేవాళ్లనే అడిగి వేయించుకుని డబ్బులివ్వండి. దేవుడి బొమ్మ ఉన్న కార్డు రేపు ఎక్కడ పడేస్తారో అని బెంగ ఉన్నవాళ్లు ఓంకారంతోనో స్వస్తిక్‌తోనో సరిపెట్టుకుంటున్నారు, అదీ మంచిదే.

మ్యాప్‌కి క్యూఆర్ కోడ్ వేయిస్తే తెల్లటి చోట నల్లగా వేయించండి, గోల్డ్ కలర్‌లో వేస్తే ఒక్కోసారి ఫోన్లు పట్టుకోలేవు.

రేటు అడిగేటప్పుడు కార్డు రేటులో ప్రింటింగ్ కలిసుందా, రెండో రంగుకి వేరేనా, సెట్టింగ్‌కి, అంటే మేటర్ టైప్ చేసి ప్రింటుకి సిద్ధం చేయడానికి ఎంత అని మూడూ అడగండి. లెక్క మనుషులకి కాదు, గడపకి ఒకటి. కొన్ని ఎక్కువే వేయించండి, తర్వాత పాతిక కావాలంటే మళ్లీ సెట్టింగ్ ఖర్చు మొదటినుంచీ పడుతుంది. మాఘం, వైశాఖం, శ్రావణం ముహూర్తాలైతే ప్రెస్‌ల దగ్గర రద్దీ ఉంటుంది, ఆర్డర్ ముందే ఇచ్చేయండి. విజయనగరంలో ఉండేవాళ్లు దసరా తర్వాత వచ్చే మంగళవారం, పైడితల్లమ్మ సిరిమాను ఉత్సవం రోజున మాత్రం ఈ పనులేవీ పెట్టుకోకండి.

ప్రూఫ్, అంటే అచ్చుకి ముందు తప్పులు చూసుకునే నమూనా, వాట్సాప్‌లో కాదు, కాగితం మీద తీయించుకోండి. చాలా డీటీపీ సెంటర్లలో ఇంకా అను ఫాంట్సే, అవి ఫోన్లలో వాడే యూనికోడ్ కాని పాతరకం తెలుగు ఫాంట్లు, మీరు ఫోన్‌లో టైప్ చేసి పంపిన మేటర్ అందులో నేరుగా పడదు, మళ్లీ టైప్ చేస్తారు లేదా కన్వర్టర్‌లో వేస్తారు, ఇంటిపేర్లు చెడేది అక్కడే. ఒకరు మీ చేతిరాత కాగితం చదవాలి, ఇంకొకరు ప్రూఫ్ మీద వేలు పెట్టి చూడాలి. తేదీకి వారం సరిపోయిందో లేదో క్యాలెండర్లో చూడండి. ఫోన్ నంబర్లు ప్రూఫ్ చూసే డయల్ చేయండి, మోగాల్సిన ఫోన్ మోగితే అప్పుడు సంతకం పెట్టండి.