మోకాలు చేత్తో చదవడం – మూడో పాఠం: చిప్ప పక్కకి ఎందుకు జారుతుంది

పోయిన పాఠంలో మేక కాలు తెచ్చుకుని మోకాలి చిప్ప వెతకమన్నాను. చాలామందికి దొరకలేదు. మీరు పంపిన ఫొటోలు చూస్తే సంగతి అర్థమైంది. కొందరు సూప్ కోసం కాల్చి కొట్టించే కాళ్లు తెచ్చారు, మిగిలినవాళ్లు ముందుకాలు తెచ్చి, అందరూ మోకాలు అనే చోట కత్తి పెట్టారు. ఆ రెండు చోట్లా చిప్ప ఉండదు. మేక ముందుకాలికి మధ్యలో మడిచే కీలు మన మణికట్టుకి సమానం. వెనక కాలికి వెనక్కి పొడుచుకొచ్చినట్టు కనపడే కీలు మన మడమ. అసలు మోకాలు ఇంకా పైన, వెనక కాలు పొట్టకి ఆనుకునే చోట ఉంటుంది, పైకి పెద్దగా కనపడదు. మాంసం కొట్టులో అడగాల్సింది వెనక తొడ, కింది కాలి ఎముకతో కలిపి, మధ్యలో కత్తి పడకుండా. ఆదివారం రద్దీలో అడిగితే విసుక్కుంటారు, ముందురోజే చెప్పి పెట్టుకోండి.

ఇదే సందర్భంలో ఒంగోలు దగ్గరి రైతు ఒకాయన అడిగారు, ఎద్దు వెనక కాలు ఉన్నట్టుండి బిర్రబిగుసుకుని, వెనక్కి చాపుకుని ఈడుస్తూ, కాసేపటికి టక్కున విడిపోతుంది, అదీ చిప్ప జారడమేనా అని. అదీ చిప్ప సంగతే, కానీ వేరే జబ్బు. ఎద్దుకి చిప్ప నుంచి కిందికి మూడు లిగమెంట్లు, అంటే ఎముకని ఎముకకి కట్టే పట్టీలు, దిగుతాయి. వాటిలో లోపలిది తొడ ఎముక గట్టుకి తగులుకుని చిప్పని పైనే ఆపేస్తుంది, పశువుల డాక్టర్లు ఆ లిగమెంట్‌ని కోసి వదులు చేస్తారు. మనిషికీ మేకకీ చిప్ప కింద దిగేది ఒక్కటే. మనిషి చిప్ప అలా పైన తగులుకోదు, పక్కకి పోతుంది. ఈ పాఠంలో ఎద్దు ఇక రాదు.

ఎముకల పేర్లు మళ్లీ చెప్పను. చిప్ప పైన తొడ ముందు కండరం పట్టుకుని ఉంటుందనీ, కింద టెండన్ (తాడులాంటి గట్టి నరం) ఒకటి ముంగాలి ఎముక (మోకాలి కింద ముందువైపు తగిలే పెద్ద ఎముక) మీదున్న బొడిపెకి అతుక్కుంటుందనీ మీకు వచ్చేసింది కదా. ఆ బొడిపె ఇప్పుడు మళ్లీ కావాలి, వేలితో వెతికి పట్టుకోండి.

ఇప్పుడు నన్ను బాగా విసిగించే విషయం. చిప్ప ఏ పక్కకి పోతుంది? బయటికి. అంటే చిటికెన వేలు ఉన్న వైపుకి. ఈ మాట రాసి గోడకి అంటించుకోండి, ఎందుకంటే జారిన మనిషిని అడిగితే చాలాసార్లు "లోపలికి పోయింది" అంటారు, పక్కనున్నవాళ్లూ అదే అంటారు. వాళ్లు అబద్ధం చెప్పడం లేదు, కనపడింది చెప్తున్నారు. చిప్ప బయటికి వెళ్లిపోయాక, అప్పటిదాకా దాని వెనక ఉన్న తొడ ఎముక లోపలి గుండు చర్మం కింద ఒంటరిగా నిలబడుతుంది. మోకాలు వంగి ఉంటుంది కాబట్టి అది ఇంకా పెద్దగా తోస్తుంది. చూసినవాళ్లు ఆ ఉబ్బునే చిప్ప అనుకుంటారు. కబడ్డీలో కూతకి వెళ్లిన కుర్రాడు పడిపోతే చుట్టూ చేరినవాళ్లు ఆ లోపలి గుండుని పట్టుకుని బయటికి తోస్తారు. నాట్ల దగ్గర మడిలో కాలు దిగబడి ఒళ్లు తిప్పిన ఆమెకీ అంతే, మెట్లు దిగుతూ మలుపు తిరిగిన పిల్లకీ అంతే. తోస్తున్నది తొడ ఎముకని! అది ఎక్కడికీ పోదు, నొప్పి మాత్రం నరకం.

తేల్చుకోవడం ఇలా. ముంగాలి బొడిపె మీద వేలు పెట్టండి. అక్కణ్నుంచి టెండన్ పట్టుకుని పైకి పోండి. టెండన్ ఎటు పోతే చిప్ప అటే ఉంటుంది, ఎందుకంటే టెండన్ పై కొస ఉండేది చిప్పకే. వేలు బయటికి మళ్లి అక్కడ గట్టిగా ఒక బిళ్ల తగిలిందంటే అదే చిప్ప. మోకాలి ముందు చెయ్యి పెడితే గుంటలా తెలుస్తుంది. ఇంత సులువైన పరీక్ష ఉండగా కళ్లతో చూసి చెప్పడం ఎందుకు? చిప్ప లోపలికి జారడం అసలు లేదని కాదు, చాలా అరుదు. అదీ ఎక్కువగా బయటి వైపు పట్టుని కోసి వదులు చేసిన ఆపరేషన్ తర్వాత వస్తుంది.

ఇంకో మాట, దీన్ని మోకాలు ఊడిపోవడంతో కలపొద్దు. తొడ ఎముకా ముంగాలి ఎముకా ఒకదాన్నుంచి ఒకటి తప్పడం పూర్తిగా వేరే గాయం. అందులో మోకాలి వెనక రక్తనాళం తెగే ప్రమాదం ఉంది, నిమిషం ఆలస్యం చెయ్యకుండా పెద్దాసుపత్రికి తీసుకెళ్లాలి.

సరే, ఎందుకు జారుతుంది? బావి గిలక మీద తాడు గుర్తు తెచ్చుకోండి. గిలక గాడి లోతుగా ఉండి, తాడు నిటారుగా లాగితే పక్కకి దిగదు. గాడి అరిగినా, పక్కనుంచి లాగినా దిగుతుంది. మోకాల్లో తొడ కండరం లాగే లైనూ, టెండన్ కిందికి దిగే లైనూ ఒకటే కావు. మధ్యలో చిప్ప దగ్గర కోణం ఉంది, ఆ కోణం వల్ల తొడ బిగించిన ప్రతిసారీ చిప్పని బయటికి లాగే బలం కొంత పుడుతుంది. ఇది అందరికీ ఉన్నదే. దాన్ని ఆపేవి సరిగ్గా ఉన్నాయా లేవా అన్నదే ప్రశ్న.

మొదటిది గాడి. తొడ ఎముక కింది కొస ముందు భాగంలో చిప్ప కూర్చునే గాడికి బయటి గట్టు ఎత్తుగా ఉండాలి. కొందరికి పుట్టుకతోనే గాడి పల్చగా, బల్లపరుపుగా, ఇంకొందరికి ఉబ్బుగా కూడా ఉంటుంది. గాడి రెండు గట్ల మధ్య కోణం ఎక్స్‌రేలో 145 డిగ్రీలు దాటితే పల్చన అంటారు. మళ్లీ మళ్లీ జారేవాళ్లలో నేను ముందు అనుమానించేది దీన్నే. ఫ్రాన్స్‌లో లియాన్ డాక్టర్లు, ముఖ్యంగా దెజూర్, ఈ గాడి రకాల్ని విడదీసి పేర్లు పెట్టారు. ఇప్పటికీ రిపోర్టుల్లో "దెజూర్ టైప్ బీ" అని రాస్తారు, చూసి కంగారుపడకండి.

రెండోది పట్టు. చిప్ప లోపలి అంచు నుంచి తొడ ఎముక లోపలి వైపుకి వెళ్లే పల్చటి లిగమెంట్, ఎంపీఎఫ్ఎల్ (మీడియల్ పటెల్లోఫెమొరల్ లిగమెంట్) అంటారు. కాలు చాపినప్పటి నుంచి 30 డిగ్రీలు వంచేదాకా చిప్ప గాడిలో సరిగ్గా కూర్చోదు, ఆ కాస్త దూరంలో దాన్ని బయటికి పోకుండా ఆపే బలంలో సగం పైన దీనిదే. మొదటిసారి జారినప్పుడు దాదాపు అందరికీ ఇది చిరుగుతుంది. రెండోసారి చిన్నదానికే జారడానికి ఒక కారణం అదే. "ఇంతకుముందు కబడ్డీలో జారింది సార్, ఇప్పుడు ఆటో ఎక్కుతుంటే జారింది" అంటారు. ఆటో తప్పేం లేదు.

ఇక్కడే ఒక భయం తీసేస్తాను. గొంతుక్కూర్చుంటే చిప్ప జారుతుందని కొందరు ఇంట్లో నేల మీద కూర్చోవడమే మానేశారు. బాగా వంచిన మోకాల్లో చిప్ప గాడిలో లోపలికి దిగి గట్టిగా ఉంటుంది. జారేది కాలు దాదాపు చాపి, పాదం నేలకి ఆనించి, ఒళ్లు లోపలికి తిప్పినప్పుడు. కూర్చుని లేచేటప్పుడు నొప్పి రావడం వేరే సంగతి, దాన్ని ఇంకో పాఠంలో చూద్దాం.

మూడోది ఎత్తు. చిప్ప ఉండాల్సిన దానికంటే పైన ఉంటే గాడిలోకి ఆలస్యంగా దిగుతుంది, అంతసేపూ ఆధారం లేదు. పక్క నుంచి తీసిన ఎక్స్‌రేలో టెండన్ పొడవుని చిప్ప పొడవుతో భాగిస్తే సుమారు 1 రావాలి. 1.2 దాటితే చిప్ప పైన ఉన్నట్టు. చేత్తో దీన్ని తేల్చలేం, ఎక్స్‌రే కావాల్సిందే.

నాలుగోది లాగే లైను, ఇది మన ప్రాంతంలో ఇంకా ముఖ్యం. నిలబడితే మోకాళ్లు రెండూ తగిలి మడమలు దూరంగా ఉండే కాళ్లలో ఆ కోణం పెరుగుతుంది. కనిగిరి, పొదిలి, దర్శి వైపు నీళ్లలో ఫ్లోరైడ్ సంగతి మీకు చెప్పక్కర్లేదు. 1937లో మన దేశంలో మనుషుల ఎముకలకి వచ్చే ఫ్లోరోసిస్ (ఫ్లోరైడ్ జబ్బు) గురించి వైద్య పత్రికలో మొదట రాసింది ఈ ప్రాంతం గురించే, అప్పట్లో ఇది నెల్లూరు జిల్లా. ఫ్లోరైడ్ ఎక్కువై, తిండిలో కాల్షియం తక్కువైన పిల్లల్లో మోకాళ్లు ఇలా లోపలికి తిరగడం తెలిసిన విషయమే. ఆ వైపు స్కూళ్లలో పనిచేసే పీఈటీలు కబడ్డీకి పిల్లల్ని ఎంచుకునేటప్పుడు ఒక్కసారి నిలబెట్టి కాళ్లు చూడండి. వాళ్లని ఆపమని కాదు, ఆటలో మలుపు తిరగడం నేర్పేటప్పుడు వాళ్లకి ఎక్కువ సమయం ఇవ్వండి, కాళ్ల సంగతి డాక్టర్‌కి చూపించమని ఇంట్లో చెప్పండి. తొడ ఎముకే లోపలికి మెలితిరిగి ఉన్నా, ముంగాలి ఎముక బయటికి తిరిగి ఉన్నా ఇదే ఫలితం. స్కాన్‌లో గాడికీ బొడిపెకీ మధ్య పక్కదూరం 20 మిల్లీమీటర్లు దాటితే సర్జన్లు ఆలోచనలో పడతారు.

ఆ కోణం కొలవడం చాలామంది అడిగారు. నడుం ఎముక ముందు మొన నుంచి చిప్ప మధ్యకి ఒక గీత, చిప్ప మధ్య నుంచి బొడిపెకి ఇంకో గీత, మధ్యలో కోణం. మగవాళ్లలో సుమారు 14, ఆడవాళ్లలో సుమారు 17 డిగ్రీలు. నేనైతే దీన్ని ఒక్కదాన్నే నమ్మను. చిప్ప అప్పటికే బయటికి జరిగి కూర్చుని ఉంటే కోణం చిన్నగా వస్తుంది, మీరు బాగుందనుకుంటారు. నాకు నచ్చే పరీక్ష వేరు. మనిషిని అరుగు మీద కాళ్లు వేలాడేసి కూర్చోబెట్టి, మెల్లగా కాలు చాపమని ఎదురుగా కూర్చుని చూస్తాను. చివర్లో చిప్ప టక్కున బయటికి గెంతితే అనుమానం గట్టిది.

జారిన మనిషి మీ ముందే ఉంటే చిప్పని తొయ్యొద్దు. కూర్చోబెట్టి, మడమ కింద చెయ్యి పెట్టి, వాళ్లనే మెల్లగా కాలు చాపమనండి, చాలాసార్లు దానంతటదే వెనక్కి వస్తుంది. రాకపోతే అలాగే కాలు కదలకుండా కట్టి తీసుకెళ్లండి. వచ్చినా సరే ఎక్స్‌రే తీయించాలి, చిప్ప వెనక మృదులాస్థి ముక్క ఊడి ఉండొచ్చు. మోకాలు గంటలోపే బాగా వాచిందంటే లోపల రక్తం చేరిందని అనుకోండి.

అభ్యాసం. వెనక తొడ తెచ్చుకోండి. చిప్ప, టెండన్, బొడిపె కనపడేదాకా మాంసం తీసేయండి, చిప్ప పక్కలున్న పొరల్ని మాత్రం ముట్టుకోకండి. ఇప్పుడు కాలు చాపి చిప్పని బయటికి తోసి చూడండి, తర్వాత 90 డిగ్రీలకి వంచి తోసి చూడండి. తేడా కాగితం మీద రాసుకోండి. ఇప్పుడు చిప్ప లోపలి వైపు పొర ఒక్కటే కోసి, అవే రెండు మళ్లీ చేయండి. ఆ తర్వాత ఇంట్లో ముగ్గురిని, ఒకరు పదేళ్లలోపు, ఒకరు యాభై దాటినవాళ్లు ఉండేలా, అరుగు మీద కూర్చోబెట్టి కాలు చాపించి, చిప్ప ఏ దారిన నడుస్తోందో బాల్‌పెన్నుతో చర్మం మీదే చుక్కలు పెట్టండి. ఇంతకుముందు చిప్ప జారినవాళ్ల మీద ఈ ప్రయోగం వద్దు, చిప్పని పక్కకి తోసే పరీక్ష అసలే వద్దు. వచ్చే పాఠం తొడ లోపలి కండరం గురించి, దానికి ఈ చుక్కలు కావాలి. రెండు కాళ్లూ చేసి ఉంచండి.