పసిబిడ్డతో మాట్లాడటం ఎలా? ఒక మాట చెప్పి పది లెక్కపెట్టండి

పసిబిడ్డతో మాట్లాడటం ఎవరికైనా వచ్చిన పనే అనుకుంటారు. అనంతపురం జిల్లా పల్లెల్లో ఇరవై రెండేళ్ళు అంగన్‌వాడీ కార్యకర్తగా పనిచేశాను. ఉరవకొండ, కళ్యాణదుర్గం వైపు నేను గడప తొక్కిన ఇళ్ళకు లెక్కలేదు. ఈ పనిని సరిగ్గా చేసేవాళ్ళు వాటిలో చాలా తక్కువ. కొందరు బిడ్డతో అసలు మాట్లాడరు. మరికొందరు ఊపిరి సలపనివ్వకుండా మాట్లాడతారు. మొదటివాళ్ళకు నచ్చజెప్పడం తేలిక. రెండోవాళ్ళు తాము బాగానే చేస్తున్నామనుకుంటారు కాబట్టి వాళ్ళతోనే కష్టం.

కావలసినవి: మీ ముఖం, మీ గొంతు, ఒక స్టీలు గిన్నె, ఒక చెంచా, పరుచుకోవడానికి పాత చీర. ప్లాస్టిక్ బొమ్మలు వద్దు. చెంచాతో కొడితే స్టీలు గిన్నె మోగుతుంది, పట్టుకుంటే చల్లగా తగులుతుంది, కిందపడితే దొర్లుతుంది. ప్లాస్టిక్‌లో ఇవేవీ ఉండవు.

తిండి సంగతి రెండు ముక్కల్లో చెబుతాను. గర్భంతో ఉన్న తల్లి అయోడిన్ ఉప్పు వాడాలి, ఇనుము మాత్రలు మానకూడదు. పుట్టిన ఆరు నెలల వరకు బిడ్డకు తల్లిపాలే, ఆ తర్వాత పాలతోపాటు మెత్తటి ఇంటి తిండి. కడుపు నిండని బిడ్డ ఏ ఆటకూ రాదు.

"తెలివి పుట్టుకతో రావాలి గానీ మనం చెబితే వస్తుందా?" అనే తాతలు ప్రతి ఊళ్ళోనూ ఉంటారు. పుట్టుకకు బలం లేదని నేను అనను. కవలల మీద యాభై ఏళ్ళుగా జరిగిన అధ్యయనాలను 2015లో ఒక్కచోట చేర్చి లెక్కవేశారు. కోటీ నలభై లక్షలకు పైగా కవల జంటలు ఆ లెక్కలోకి వచ్చాయి. మనుషుల మధ్య కనిపించే తేడాల్లో సగటున 49 శాతం వారసత్వానిదని తేలింది. అయితే వారసత్వంగా వచ్చింది కాబట్టి మన చేతిలో ఏమీ లేదనుకోవడం తప్పు. ఫినైల్‌కీటోన్యూరియా అనే జబ్బు జన్యువుల నుంచే వస్తుంది, పట్టించుకోకపోతే బిడ్డ బుద్ధి ఎదగదు. పుట్టిన తొలి రోజుల్లోనే గుర్తించి, మాంసకృత్తుల్లో ఉండే ఫినైల్అలనిన్ అనే పదార్థం తక్కువగా ఉండే ఆహారం పెడుతూ వస్తే అదే బిడ్డ మామూలు పిల్లలతో సమానంగా పెరుగుతుంది. జన్యువు మారలేదు, కంచంలోని తిండి మారింది. తాతలకు నేను చెప్పేది ఈ ఒక్క ఉదాహరణే.

పుట్టినప్పుడు బిడ్డ మెదడు పెద్దవాళ్ళ మెదడులో సుమారు నాలుగో వంతు ఉంటుంది. రెండేళ్ళు నిండేసరికి నాలుగింట మూడు వంతులకు చేరుతుంది. మెదడు కణాలు చాలావరకు పుట్టుకతోనే ఉంటాయి, ఆ తర్వాత పెరిగేవి ముఖ్యంగా వాటి మధ్య లంకెలు. తొలి ఏళ్ళలో అవసరానికి మించి లంకెలు పుడతాయి. వాడినవి గట్టిపడతాయి, వాడనివి ఊడిపోతాయి. చేలో జనం నడిచిన చోటే బాట పడుతుంది కదా, అలాగన్నమాట.

ఇక పనిలోకి వద్దాం. వేళ ముఖ్యం. నూనె రాసి, స్నానం చేయించి, పాలు పట్టి, నిద్ర ముంచుకురాకముందు ఉండే పావుగంట దీనికి సరైన సమయం. సాయంత్రం వద్దు. చుట్టాలు వచ్చినప్పుడు అసలే వద్దు. చిన్న శిశువుకు 20 నుంచి 30 సెంటీమీటర్ల దూరమే స్పష్టంగా కనబడుతుంది కాబట్టి మీ ముఖాన్ని జానెడు దూరంలోకి తీసుకురండి. నిలబడి పైనుంచి మాట్లాడితే బిడ్డకు మీరు ఒక మసక నీడ మాత్రమే.

తర్వాత బిడ్డ చూపు ఎటు ఉందో చూడండి. మీరు గిలక ఊపుతుంటే బిడ్డ పైకప్పు మీది బల్లిని చూస్తోందా? గిలక పక్కన పెట్టి బల్లి గురించి చెప్పండి. మా వైపు ఊరి బయటికి వస్తే కొండల మీద గాలిమరలు కనిపిస్తాయి. ఏడాది పిల్లలు వాటివైపు వేలు చూపించి మన ముఖంలోకి చూస్తారు. ఆ వేలు ఒక ప్రశ్న. "గాలిమర, గిర్రున తిరుగుతోంది" అంటే చాలు.

ఇప్పుడు అసలు మెట్టు. ఒక మాట చెప్పి ఆగాలి.

ఇది చదివి "ఇంతేనా" అనుకుంటారు. చేసి చూస్తే తెలుస్తుంది ఎంత కష్టమో. పెద్దవాళ్ళ మధ్య మాట ఆగితే ఒక్క క్షణంలో అవతలివాళ్ళు అందుకుంటారు. పసిబిడ్డ అలా అందుకోలేదు. విన్నది మనసుకెక్కాలి, అది మీ నుంచి వచ్చిందని తెలియాలి, పెదవులూ నాలుకా కూడదీసుకోవాలి. దానికి ఐదు సెకన్లు పట్టవచ్చు, ఎనిమిదీ పట్టవచ్చు. మనం రెండో సెకనుకే తోచక ఇంకో వాక్యం వేసేస్తాం, బయలుదేరిన జవాబు గొంతులోనే ఆగిపోతుంది. అందుకే పది లెక్కపెట్టమంటాను. ఐదు చాలదు. వేళ్ళు ముడుస్తూ లెక్కపెట్టకండి, బిడ్డ మీ వేళ్ళనే చూస్తుంది. మనసులో లెక్కపెట్టండి. ఆ పది సెకన్లూ ముఖంలో నవ్వు చెదరకూడదు, చూపు పక్కకు పోకూడదు.

ఉరవకొండ దాటాక ఒక పల్లెలో అరుగు మీద ఒక అవ్వ చెనిక్కాయలు ఒలుస్తోంది. ఒళ్ళో ఏడు నెలల మనవరాలు. తల్లిదండ్రులు పనికని బెంగళూరు వెళ్ళారు. అవ్వది ప్రేమగల నోరు. "ఇది కాయ, ఇది గింజ, ఇది పొట్టు, మీ నాయనకు వేయించినవి ఇష్టం, మీ అత్తకు ఉడకబెట్టినవి" అంటూ ఆపకుండా సాగిపోతోంది. పాప నోరు తెరుస్తోంది, పెదవులు కదుపుతోంది, అంతలో అవ్వ తర్వాతి మాట వచ్చి మీద పడుతోంది. మూడుసార్లు అలా జరిగాక పాప కాయల కుప్పవైపు తల తిప్పేసుకుంది.

"అవ్వా, ఒక్క కాయ పట్టుకో. పేరు చెప్పు. ఇంక మాట్లాడొద్దు" అన్నాను.

అవ్వ ఒక కాయను పాప చెవి దగ్గర ఆడించి "కాయ" అంది. ఎండిన కాయలో గింజలు గలగలమన్నాయి. పాప కాయను చూసింది. అవ్వ ముఖం చూసింది. మళ్ళీ కాయను చూసింది. కాళ్ళు రెండూ ఒక్కసారి తన్నింది. నేను మనసులో ఎనిమిది దాకా లెక్కపెట్టాను. "గ్గా..." అని ఒక శబ్దం వచ్చింది. ఒలుస్తున్న అవ్వ చెయ్యి ఆగిపోయింది. "అవునా? గలగలమంటోందా?" అని మళ్ళీ ఆగింది. పాప మళ్ళీ అంది. అలా ఐదు విడతలు సాగింది. (ఆడించడం వరకే. చెనిక్కాయ గింజను పసిబిడ్డ చేతికి ఇవ్వకూడదు, గొంతుకు అడ్డుపడుతుంది.)

లెక్కలోకి రావలసినవి ఈ విడతలే. అమెరికాలోని ఎంఐటీ అనే విశ్వవిద్యాలయం పరిశోధకులు 2018లో నాలుగు నుంచి ఆరేళ్ళ పిల్లల ఇళ్ళలో మాటలను రికార్డు చేశారు. ఆ పిల్లలు కథ వింటుండగా మెదడునూ పరిశీలించారు. పెద్దవాళ్ళు ఎన్ని మాటలు కుమ్మరించారన్నది పెద్ద తేడా చూపలేదు. పెద్దవాళ్ళూ పిల్లలూ ఎన్నిసార్లు మాట అందిపుచ్చుకున్నారన్నదే భాషకు సంబంధించిన మెదడు భాగంలో తేడా చూపింది. ఇంట్లో డబ్బుతో, తల్లిదండ్రుల చదువుతో ప్రమేయం లేకుండానే.

బిడ్డ జవాబు మాటే కానక్కర్లేదు. కాలు తన్నడం, కనుబొమ్మ ఎత్తడం, ఊపిరి బిగబట్టడం కూడా జవాబే. దాన్ని అందుకోండి. బిడ్డ ముఖం తిప్పుకుంటే అలసిందని అర్థం. గడ్డం పట్టుకుని మీవైపు తిప్పుకోకండి. కొంతసేపు వదిలేస్తే తానే తిరిగి చూస్తుంది. ఇంకో తప్పు, రెండేళ్ళ పిల్లలను నిలబెట్టి "ఇదేమిటి? అదేమిటి? మామకు చెప్పు" అని పరీక్షలు పెట్టడం. పరీక్ష పెడితే పిల్లలు నోరు మూసుకుంటారు. మీరే ఒక మాట చెప్పి ఆగండి, వాళ్ళే అడుగుతారు.

భాష విషయంలో నాకు రాజీ లేదు. మీకు వచ్చిన భాషలోనే మాట్లాడండి. రాయదుర్గం వైపు ఇంట్లో కన్నడం, వీధిలో తెలుగు ఉంటే రెండూ మాట్లాడండి, బిడ్డకు బరువేమీ కాదు. వచ్చీరాని ఇంగ్లీషులో నాలుగు పేర్లు వల్లె వేయించకండి. 1984లో జానెట్ వెర్కర్ అనే పరిశోధకురాలు కెనడాలో ఇంగ్లీషు ఇళ్ళ పిల్లలకు హిందీలోని ట, త శబ్దాలను వినిపించింది. ఆరు నుంచి ఎనిమిది నెలల పిల్లలు తేడా పట్టుకున్నారు. ఏడాది దగ్గరపడిన పిల్లలు చాలావరకు పట్టుకోలేకపోయారు. బిడ్డ చెవి తొలి ఏడాదిలోనే ఇంటి భాషకు అలా అలవాటుపడుతుంది. ఆ చెవికి నిండు వాక్యాలు, అవ్వ సామెతలు, తాత విసుర్లు అన్నీ పడాలి.

ఫోను ఇస్తే భాష వస్తుందనేవాళ్ళకు ఒక మాట. 2003లో పెట్రీషియా కూల్ అనే పరిశోధకురాలి బృందం తొమ్మిది నెలల అమెరికా పిల్లలకు పన్నెండుసార్లు చైనా భాష వినిపించింది. ఎదురుగా మనిషి కూర్చుని ఆడించిన పిల్లలు ఆ శబ్దాలు నేర్చుకున్నారు. అవే మాటలు తెర మీద విన్న పిల్లలు నేర్చుకోలేదు. తెర ఆగదు, బిడ్డ కాలు తన్నితే దానికి తెలియదు. రెండేళ్ళ లోపు పిల్లలకు తెర వద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో చెప్పింది. బెంగళూరులో ఉన్న అమ్మానాన్నలతో వీడియో కాల్ మాత్రం నేను వద్దనను, అవతల మనిషి ఉన్నారు కాబట్టి. వాళ్ళకూ పది లెక్కపెట్టడం నేర్పండి.

మీ చేతిలోని ఫోను కూడా పక్కన పెట్టాలి. ఎడ్వర్డ్ ట్రానిక్ అనే అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్త 1970లలో ఒక ప్రయోగం చేశాడు. బిడ్డను ఆడిస్తున్న తల్లిని కొద్ది నిమిషాలు ముఖంలో ఏ భావమూ లేకుండా ఉండమన్నాడు. బిడ్డ నవ్వింది, చేతులు చాచింది, కేకవేసింది, చివరికి ముఖం తిప్పుకుని ఏడ్చింది. ఫోనులో మునిగిన తల్లి ముఖం బిడ్డకు అలాగే కనిపిస్తుంది. నేను వెళ్ళిన ఇళ్ళలో ఆ దృశ్యం చూసినప్పుడల్లా నా కడుపు తరుక్కుపోయేది.

మీరు ఎంత ఆగినా బిడ్డ నుంచి జవాబు రాకపోతే ఆలస్యం చేయకండి. ఏడాదికి ముద్దుపలుకులు, వేలు చూపడం లేకపోయినా, పదహారు నెలలకు ఒక్క మాటా రాకపోయినా, రెండేళ్ళకు తనంతట తాను రెండు మాటలు కలపకపోయినా, వచ్చిన మాటలు పోయినా ముందు వినికిడి పరీక్ష చేయించండి. "వాళ్ళ నాయనకూ మాటలు ఆలస్యంగానే వచ్చాయి" అని ఎదురుచూడకండి. రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం కింద ఈ పరీక్షలు ఉచితం, మీ అంగన్‌వాడీ కార్యకర్తను అడిగితే ఎక్కడికి వెళ్ళాలో చెబుతుంది. వెళ్ళేటప్పుడు రోజంతా బిడ్డను చూసుకునే మనిషిని, అవ్వయినా సరే, వెంట తీసుకెళ్ళండి. డాక్టరు అడిగేవాటికి జవాబులు ఆవిడకే తెలుసు.